ఉన్మత్తుని నేరము



నేను వకీలును గాను, వైద్యుడను గాను. గోదావరి కీవల ఖమ్మము సీమలోను, ఆవల భద్రాద్రి యడవుల యంచునను ముప్పదియేండ్లకు పైగా పిల్లలకు చదువు చెప్పి విశ్రాంతి గొన్న బడిపంతులను. బాల్యమున మా పితామహుని యొద్ద కావ్యములతోబాటు కొంత ధర్మశాస్త్రము వల్లించితిని. అట్టి నేను నేడు నేరములను గూర్చియు న్యాయస్థానములను గూర్చియు మాటలాడ వచ్చుట మీకు వింతగా దోచవచ్చును. అందులకు కారణము నా మనసులో ఇరువదియేండ్లకు పైబడి యున్నది. దానిని చివర విన్నవించుకొందును.

విషయ మిది. మతి చెడినవాడు సాటి మనుష్యుని చంపినచో, వానిని దోషిగా నెంచవచ్చునా?

మన రచ్చబండల మీద ఈ ప్రశ్నకు రెండు తొందరపాటు జవాబులు వినబడును. "పాపము, పిచ్చివాడు, వానికేమి తెలియును, విడిచిపెట్టుడు" అనువారు కొందఱు. "చేయునప్పుడు లేని పిచ్చి పట్టుబడినప్పుడు వచ్చినదా? ఉరి తీయుడు" అనువారు కొందఱు. ఈ రెండు మాటల నడుమ సన్నని త్రోవ యొకటి కలదు. ఆ త్రోవను వేయడానికి లోకమునకు వందలయేండ్లు పట్టినది. ఆ చరిత్రమే నేటి ప్రసంగము.

మొదట మన పూర్వులు ఏమనిరో చూతము. యాజ్ఞవల్క్యస్మృతిలో వ్యవహారాధ్యాయము కలదు. తాగి యున్నవాడు, ఉన్మత్తుడు, రోగార్తుడు, బాలుడు, భయపడినవాడు మొదలగువారు చేసిన వ్యవహారము చెల్లదని స్మృతికారుడు విధించెను. అనగా పిచ్చివాడు వ్రాసి యిచ్చిన పత్రము పత్రము కాదు. పండ్రెండవ శతాబ్దమున విజ్ఞానేశ్వరుడు ఈ స్మృతికి మితాక్షర యను వ్యాఖ్య రచించుచు, ఉన్మాదము ఐదు విధములని చెప్పెను. వాతమువలన, పిత్తమువలన, శ్లేష్మమువలన, మూడును గూడిన సన్నిపాతమువలన, గ్రహమువలన కలుగునవి ఆ యైదును. ఇందొక విశేషమును గమనింపుడు. ఐదింటిలో నాలుగు శరీరమునకు సంబంధించిన రోగములు. గ్రహబాధ ఒక్కటే. మన పల్లెలలో నేడు ఈ లెక్క తలక్రిందులైనది. మతి తప్పినవాని నెవనిని చూచినను దయ్యమనియే అనుచున్నారు. సుమారు తొమ్మిది వందలయేండ్లకు పూర్వమున్న పండితుడు మనకంటె వైద్యమును ఎక్కువగా నమ్మెను.

మఱొక మాట. అదే స్మృతి ఉన్మత్తునకు పిత్రార్జితములో భాగము లేదన్నది గాని, వానిని బ్రదికియున్నన్నాళ్లు అన్నవస్త్రము లిచ్చి పోషింపవలయు నన్నది. భాగము లేకుండుట నేటి బుద్ధికి కఠినముగా దోచును. కాని వానిని వీధిలోనికి నెట్టుటకు శాస్త్రము ఒప్పుకొనలేదు. ఈ వ్యవహారధర్మమును తిక్కన సోమయాజి కాలమువాడైన కేతన తెలుగు పద్యములలోనికి దెచ్చెను. కావున ఈ మాట తెలుగువారికి క్రొత్తది కాదు.

పిమ్మట మహమ్మదీయ ప్రభువుల కాలము వచ్చెను. వారి ధర్మశాస్త్రము ననుసరించి బాలుడును, ఉన్మత్తుడును ప్రాణమునకు ప్రాణ మిచ్చుకొన నక్కఱలేదు. చనిపోయినవాని బంధువులకు ధనరూపమున పరిహారము ముట్టవలెను. కుంఫిణీవారు చెన్నపట్టణమున ఫౌజుదారీ అదాలతు నడిపిన రోజులలో గూడ నేరములకు ఈ మహమ్మదీయ శాస్త్రమే ఆధారముగా నుండెను. మతములు వేఱైనను, పాలకులు మాఱినను, తెలియక చేసినవానిని తెలిసి చేసినవానితో సమానముగా శిక్షింపరాదను మాట మాత్రము నిలిచినది.

అయితే "తెలియక" అనగా నేమి? ఎంత తెలియకపోయిన తెలియనట్లు? ఈ ప్రశ్న ఇంగ్లండు దేశమున రెండు పెద్ద విచారణలలో తేలినది.

1800 సంవత్సరమున జేమ్సు హాడ్ఫీల్డు అను మాజీ సైనికుడు లండను నాటకశాలలో మూడవ జార్జి రాజుపై తుపాకి ప్రేల్చెను. గుండు తగులలేదు. ఇతనికి యుద్ధములో తలపై కత్తిగాయములు తగిలినవి. అప్పటినుండి మతి స్థిరముగా లేదు. తాను ప్రభుత్వము చేతిలో చచ్చినచో లోకమునకు మేలు కలుగునని వాని భ్రాంతి. తాను తుపాకి ప్రేల్చుచున్నానని వానికి తెలియును. రాజును కొట్టిన ఉరి తప్పదనియు తెలియును. ఉరి కావలెననియే కొట్టెను. ఎర్స్కిన్ అను గొప్ప న్యాయవాది వాని పక్షమున వాదించి, భ్రాంతియే ఉన్మాదమునకు గుఱుతని నిరూపించెను. హాడ్ఫీల్డు నిర్దోషి యయ్యెను. కాని అట్టివానిని వీధిలోనికి వదలుటెట్లు? వెంటనే పార్లమెంటు క్రొత్త శాసనము చేసి, ఉన్మాదముచే విడుదలైనవానిని కావలిలో నుంచు అధికారమును ప్రభుత్వమున కిచ్చెను.

రెండవది 1843 నాటిది. గ్లాస్గో నగరమునకు చెందిన మాక్నాటెన్ అను కొయ్యపనివాడు, అధికారపక్షమువారు తన్ను వెంటాడి వేధించుచున్నారను భ్రమలో పడెను. జనవరి 20వ తేదీన లండను వీధిలో ఎడ్వర్డు డ్రమ్మండు అనునతనిని వెనుకనుండి కాల్చెను. అతడు ప్రధానమంత్రి రాబర్టు పీలునకు కార్యదర్శి. ఐదు దినములకు మరణించెను. మార్చి నెలలో విచారణ జరిగి, వైద్యుల సాక్ష్యమును విని జ్యూరీ మాక్నాటెను ఉన్మాదముచే నిర్దోషి యనెను. దేశ మంతట కోపము రేగెను. విక్టోరియా రాణియు ఈ తీర్పును హర్షింపలేదు. అప్పుడు ప్రభువుల సభ న్యాయాధిపతులను పిలిపించి, ఉన్మాదమును గూర్చి ఐదు ప్రశ్నలు వేసెను. వారు చెప్పిన సమాధానములకే మాక్నాటెన్ నియమములని పేరు వచ్చినది. లోకము తన పేరు పెట్టి పిలుచు ఆ నియమములతో ఆ మనుష్యునకు సంబంధము లేదు; అతడు ఉన్మాదుల ఆసుపత్రులలోనే గడిపి 1865లో మరణించెను.

ఇంతలో మన దేశమునకు శిక్షాస్మృతి తయారగుచుండెను. మెకాలే పెద్దగా నుండిన లా కమీషను 1837లోనే ముసాయిదా వ్రాసెను. అది ఇరువది మూడేండ్లు మూలబడి, సవరింపబడి, 1860లో శాసనమై, 1862 జనవరి 1వ తేదీన అమలులోనికి వచ్చెను. అందు 84వ ప్రకరణము ఉన్మాదమునకు సంబంధించినది.

మన సీమకు ఇచట నొక ముచ్చట కలదు. అదే 1860లో నైజాము ప్రభువు గోదావరి ఎడమగట్టు తాలూకాలను ఇంగ్లీషువారి కిచ్చివేసెను. భద్రాచలము మొదట మధ్యపరగణాలలో నుండి, 1874లో చెన్నపట్టణపు రాజధానిలోని గోదావరి జిల్లాలో చేరెను. కుడిగట్టున మనము నైజాము ప్రజలము. మనకు నైజామువారి శిక్షాస్మృతియే వేఱుగ నుండెను, అదియు ఇంగ్లీషువారి దానిని చూచి కట్టినదే. 1951లో భారత శిక్షాస్మృతియే హైదరాబాదు రాష్ట్రమునకును వర్తించినది. 1953లో ఖమ్మము జిల్లా యేర్పడెను. 1959లో భద్రాచలము, నూగూరు తాలూకాలు అందు కలిసినవి. పడవ దాటిన యొక పొద్దులో ప్రభుత్వము మాఱిపోవు ఈ రేవులలో, మతిచెడినవానికి మాత్రము రెండు గట్టులందును ఇంచుమించు ఒకటే న్యాయము. 2024 జూలై 1 నుండి ఆ శిక్షాస్మృతి స్థానమున భారతీయ న్యాయసంహిత వచ్చినది. 84వ ప్రకరణము అందు 22వదై నిలిచినది, సారము మాఱలేదు.

ఆ సారమును విప్పి చెప్పెదను. మూడు ముళ్లు కలవు. మొదటిది: ఆ పని చేసిన సమయమున మతి చెడియుండవలెను. నిరుడు చెడి బాగుపడిన చాలదు; జైలుకు పోయిన పిమ్మట చెడినను చాలదు. రెండవది: తెలియమికి కారణము ఆ మతిచెడుటయే కావలెను, కోపము గాదు, కక్ష గాదు. మూడవది: తాను చేయుచున్న దేమో తెలియకుండవలెను, లేదా అది తప్పనియో చట్టమునకు విరుద్ధమనియో తెలియకుండవలెను. సొరకాయ కోయుచున్నాననుకొని మెడ కోసినవానికి తాను చేయుచున్న దేమో తెలియదు. మెడయే కోయుచున్నానని తెలిసియు, అట్లు చేయుమని దేవుడే ఆజ్ఞాపించెనని రోగవశమున నమ్మినవానికి తప్పను ఎఱుక లేదు. వీరిరువురును ఈ ప్రకరణము నీడకు రాదగినవారు. మంచిచెడ్డ లెఱిగియు "చేయి ఆగలేదు" అనువానికి ఈ నీడ లేదు. వైద్యుడు రోగి యన్న ప్రతివాడును న్యాయస్థానమున నిర్దోషి కాడు. రోగమున్నదా యనునది వైద్యుని ప్రశ్న. ఆ గడియలో ఎఱుక యున్నదా యనునది న్యాయాధిపతి ప్రశ్న.

తాగినవాని సంగతియు అడుగుదురు. తనకు తెలియకుండ గాని బలవంతముగా గాని ఎవరైన మత్తుపదార్థము నిచ్చినచో, ఆ మత్తులో ఎఱుక పోయినచో చట్టము క్షమించును. తానై ఇప్పసారా త్రాగి గొడ్డలి పట్టినవానికి మత్తు మినహాయింపు కాదు.

ఇప్పుడు మన యడవులవంటి యడవులలోనే జరిగిన రెండు కథలు వినుడు. ఇవి న్యాయపత్రికలలో అచ్చైనవి.

1952లో నాగపూరు హైకోర్టు తీర్పు చెప్పిన చిరంగి కేసు మొదటిది. చిరంగి యొక కమ్మరి, భార్య పోయినవాడు. ఒక్కడే కొడుకు, పసివాడు. ఒకనాడు గొడ్డలి తీసికొని, కొడుకును వెంటబెట్టుకొని అడ్డాకు కోయుటకు దగ్గఱి మెట్టపైకి పోయెను. విస్తళ్లు కుట్టుకొను అడ్డాకు మన కందఱకు తెలిసినదే. కొంతసేపటికి పిల్లవాడు గొడ్డలి దెబ్బలతో చచ్చి కనబడెను. తండ్రి యేమనెను? తనపైకి పులి వచ్చినదనుకొని నరికితి ననెను. వానికి కాలిలో చీముగడ్డ లేచి బాధ పెట్టుచుండెను. పైగా పడిపోయి కంటి పైభాగమున దెబ్బ తగిలినది. గడ్డవలని జ్వరము, ఆ దెబ్బ, రెండును గలసి కొంతసేపు మతిని చెఱపి భ్రాంతి కలిగించుట సాధ్యమని వైద్యుడు చెప్పెను. కొడుకుపై ప్రేమయే గాని పగ యున్నట్లు ఎవరును చెప్పలేదు. పులి యను నమ్మకముతోనే కొట్టినవానికి కొడుకును చంపవలెనను తలంపు లేదు గదా. హైకోర్టు అతనిని నిర్దోషిగా విడిచెను. శిక్షకు మించిన దుఃఖము వానికి ముందే కలిగియుండెను.

రెండవది ఒరిస్సా హైకోర్టుది. 1960 నాటి న్యాయపత్రికలలో అచ్చైనది. రాసగోవిందపురమున పాడుపడిన విమానాశ్రయము కలదు. అచటి ఇనుపసామాను కొన వచ్చిన కలకత్తా వర్తకుని వెంట రామబహదూరు థాపా యను నేపాళీ సేవకుడు వచ్చెను. ఆ మైదానమున దయ్యములు తిరుగునని ఊరివారి నమ్మకము. రాత్రి దూరమున మినుకుమినుకుమను వెలుతురు, దాని చుట్టును కదలు ఆకారములు కనబడెను. దయ్యములే యనుకొని సేవకుడు కుక్రీ దూసి పైబడి నరికెను. అవి దయ్యములు గావు. హరికెను లాంతరు పెట్టుకొని ఇప్పపూవు లేరుకొనుచున్న అడవిజాతి స్త్రీలు. ఒకతె చనిపోయెను, మఱికొందఱు గాయపడిరి. ఇతడు పిచ్చివాడు గాడు. కాని మనుష్యులని తెలియక, మంచి నమ్మకముతో కొట్టెను గావున, పొరపాటు పడినవాని క్రింద విడుదల పొందెను. చేతిలో టార్చిలైటు ఉండికూడ వేసి చూడలేదని ప్రభుత్వపక్షమువా రాక్షేపించిరి. హైకోర్టు దానిని అంగీకరింపలేదు.

ఈ కథలు విని, "అట్లయిన చేతబడి చేయువానిని చంపినను తప్పు లేదా?" యని యెవరైన అడుగవచ్చును. ఇచటనే మనము జాగ్రత్త పడవలెను. పులి యనుకొని కొట్టినవానికి ఎదుట మనుష్యుడున్నట్లు తెలియదు. బాణామతి, చిల్లంగి అని ముసలివానిని పట్టి కొట్టినవారికి ఎదుట నున్నది మనుష్యుడే యని తెలియును. చంపుట నేరమనియు తెలియును, అందుచేతనే చీకటిలో పోదురు. ఊరంతయు నమ్ము నమ్మకము ఒక్కని మతిరోగము కాదు. దానికి చట్టము నీడ నీయదు. మనకు ఎగువన నున్న బస్తరులోని మారియా జాతివారి నేరములను గూర్చి వెరియర్ ఎల్విన్ అను పండితుడు 1943లో ఒక గ్రంథము ప్రకటించెను. నూఱు హత్యల కాగితములు చదివి వ్రాసినది. కల్లు, అనుమానము, మంత్రతంత్రముల భయము ఎంతమంది చేతికి గొడ్డలి నిచ్చినవో అందు చూడవచ్చును. ఆ హంతకులలో ఎక్కువమంది పిచ్చివారు గారు, మనవంటివారే.

ఇక మతి చెడియున్నదని నిరూపించు భార మెవరిది? చట్టము ఆ భారమును ముద్దాయి పైననే పెట్టినది. తెలివి తప్పినవాడు తన తెలివి తప్పెనని తానే ఋజువు చేసికొనవలెనా యని మనకు జాలి కలుగును. ఈ ముడిని విప్పినవాడు మన తెలుగువాడు. రాజమహేంద్రవరమున పుట్టి, ఆంధ్ర హైకోర్టునకు ప్రథమ ప్రధాన న్యాయమూర్తియై, పిదప 1966లో భారతదేశ ప్రధాన న్యాయమూర్తి పదవి నధిష్ఠించిన కోకా సుబ్బారావుగారు. 1964లో సుప్రీంకోర్టు న్యాయమూర్తిగా నుండి, గుజరాతునుండి వచ్చిన యొక కేసులో ఆయన తీర్పు వ్రాసెను. అందొకడు భార్యను కత్తితో పెక్కుచోట్ల పొడిచి చంపెను. విచారణ మొదలగునాటికి మతి సరిగా లేదని వైద్యపరీక్షకు పంపబడెను, బాగుపడిన పిమ్మట విచారింపబడెను. సుబ్బారావుగారు చెప్పిన సూత్రమును నా మాటలలో చెప్పెదను. ప్రతి మనుష్యుడు మతి గలవాడనియే మొదట తలంతుము. కాదని ముద్దాయి చూపవలెను. అయితే ప్రభుత్వము నేరమును నిరూపించునంత గట్టిగా చూపనక్కఱలేదు; త్రాసు తనవైపు కొంచెము మ్రొగ్గిన చాలును. అంతవఱకు చూపలేకపోయినను, అతడు చూపిన సాక్ష్యమువలన బుద్ధిపూర్వకముగా చేసెనా యను సందేహము న్యాయాధిపతికి కలిగిన, ఆ సందేహఫలము ముద్దాయిదే. ఇంత చెప్పియు, ఆ కేసులో ముద్దాయిని విడువలేదు. భార్య తనకు నచ్చలేదని ముందే మామగారికి జాబు వ్రాసియుండెను; ఆనాటి రాత్రి మతి తప్పెననుటకు సాక్ష్యము నిలువలేదు. దయకు తలుపు తెఱచియు, ఆ తలుపున దొంగను దూరనీయని తీర్పు అది.

విడుదలైనవాడు ఊరి మీదికి వచ్చి పడునని భయపడువారికి ఒక మాట. ఉన్మాదముచే నిర్దోషి యనునప్పుడు, ఆ పని వాడే చేసెనా లేదా యని న్యాయాధిపతి స్పష్టముగా వ్రాయవలెను. వాడే చేసెనని తేలినచో, వానిని కావలిలోనో ఆసుపత్రిలోనో ఉంచుటకును, లేదా తగిన పూచీ పైన బంధువుల కప్పగించుటకును ఆజ్ఞ చేయును. అది శిక్ష గాదు, విచ్చలవిడితనమును గాదు.

ఇప్పుడు నా మనసులోని మాట.

నేను పనిచేసిన యొక ఊరిలో నా శిష్యు డొకడుండెను. పద్యము చక్కగా చదువువాడు, లెక్కలలో మొదటివాడు. ఇరువది రెండేండ్ల వయసున మాఱిపోయెను. రాత్రులు ఒంటరిగా కూర్చుండి ఎవరితోనో మాటలాడువాడు. అన్నములో విషము కలుపుచున్నారని కుండలు పగులగొట్టువాడు. ఇంటివారు భూతవైద్యునికి కోడిని, మేకను సమర్పించిరి. పిమ్మట దొడ్డిలో చింతచెట్టునకు గొలుసు వేసి కట్టిరి. నేను బడికి పోవుచు వచ్చుచు ఆ గొలుసును చూచితిని. ఊరిలో నాలుగక్షరములు వచ్చినవాడను నేనే. ఆసుపత్రికి తీసికొని పొమ్మని ఒక్క మాట చెప్పలేదు. పెద్దల వ్యవహారములో మన కెందులకని ఊరకుంటిని.

ఒకనాటి తెల్లవాఱుజామున వాడు గొలుసు తప్పించుకొని, దొడ్డిలోనికి వచ్చిన పినతండ్రిని రోకటితో కొట్టెను. ఆయన మఱునాడు చనిపోయెను. సెషన్సు కోర్టులో వాని వకీలు మతి లేనివాడని వాదించెను. కాగిత మేది? ఏ వైద్యుడును చూడలేదు, కాగితము లేదు. సాక్షు లెవరు? ఊరివారు కోర్టు మెట్లు ఎక్కమనిరి. వాని తండ్రి మా యింటి గడపలో నిలిచి, "పంతులుగారూ, మీరు చూచినది మీరు చెప్పిన చాలును" అనెను. బడిలో పరీక్షలున్నవని చెప్పితిని. పరీక్షలుండుట నిజమే, కాని వెళ్లవలెనన్న సెలవు దొరకకపోదు. వానికి యావజ్జీవ శిక్ష పడెను. కొన్నియేండ్లకు జైలు వైద్యుడే వాని రోగమును గుర్తించి మందు మొదలుపెట్టెనని వింటిని. వాని తండ్రి బ్రదికినన్నాళ్లు, దారిలో కనబడినప్పుడెల్ల నాకు చేతులెత్తి నమస్కరించువాడు. ఆ విషయ మెన్నడు ఎత్తలేదు. ఎత్తినచో బాగుండునని నే ననుకొందును.

ఆనాడు న్యాయాధిపతి తప్పు చేయలేదు. ఆయన ముందుకు వచ్చిన సాక్ష్యము నే చూచెను. రాని సాక్ష్యమును నేను.

కావున పెద్దలారా, మీకు మూడు మాటలు. మీ యూర నొకని మతి చెదరినట్లు కనబడినచో, మ్రొక్కుబడులు మీరు మానుకొనకపోయినను, ముందు ప్రభుత్వాసుపత్రికి తీసికొని పొండు. దారి తెలియనిచో 14416 అను సంఖ్యకు టెలిఫోను చేయుడు. అది ప్రభుత్వమువారు 2022లో పెట్టిన ఉచిత సహాయము. రెండవది, గొలుసు వేయకుడు. 2001 ఆగస్టు 6వ తేదీన తమిళదేశమున ఏర్వాడి యను చోట, గొలుసులతో కట్టియుంచిన రోగులుండు పాకకు నిప్పంటుకొని, తప్పించుకొనలేక 28 మంది చనిపోయిరి. 2017 నాటి మానసిక ఆరోగ్య శాసనము గొలుసు వేయుటను పూర్తిగా నిషేధించినది. మూడవది, మీరు చూచినదానిని తేదీతో వ్రాసి యుంచుడు, మందుచీటీలను పారవేయకుడు, కోర్టు పిలిచిననాడు పోయి, చూచినంత చెప్పుడు, చూడనిది చెప్పకుడు. మతి లేనివాడు తన పక్షమున తాను సాక్ష్య మీయలేడు. వాని పొరుగువాడే ఈయవలెను.